ప్రాణానలమా, ప్రాణానిలమా?

మా అమ్మాయి సంగీతం నోటుబుక్కులో త్యాగరాజస్వామి సారమతి రాగ కీర్తన ‘మోక్షము గలదా’ రాసుకుంది. చరణం దగ్గర ‘ప్రాణానిల సంయోగము వల్ల’ అని ఉంది. ఎక్కువ పడింది ఒక్క గుడే. కానీ ఆ గుడితో చరణంలోని నిప్పు ఆరిపోయింది. అందుకే ఇక్కడ రాస్తున్నాను.

అనలం నిప్పు, అనిలం గాలి. ప్రాణం కూడా వాయువే కదా, ‘ప్రాణానిల’ అంటే గాలీ గాలీ కలిసినట్టు అవుతుంది. ఇక సంయోగం ఏముంది? అసలు మాట ప్రాణ + అనల, సవర్ణదీర్ఘ సంధి. ప్రాణవాయువూ దేహంలోని అగ్నీ కలిస్తే ప్రణవనాదం, అంటే ఓంకారం, పుట్టి, అదే సప్తస్వరాలైంది అని అర్థం.

ఇది స్వామి ఊహించి కూర్చిన మాట కాదు. 13వ శతాబ్దంలో, దేవగిరి యాదవరాజు సింఘణుడి కాలంలో శార్ఙ్గదేవుడు రాసిన సంగీతశాస్త్ర గ్రంథం సంగీత రత్నాకరంలో ఈ శ్లోకం ఉంది:

నకారం ప్రాణనామానం దకారమనలం విదుః
జాతః ప్రాణాగ్నిసంయోగాత్ తేన నాదోఽభిధీయతే

‘న’ అంటే ప్రాణం, ‘ద’ అంటే అనలం. ఈ రెండింటి సంయోగం వల్ల పుట్టింది కనుక నాదం. ఇప్పుడు కీర్తన పక్కన పెట్టి చూడండి. ప్రాణం, అనలం, సంయోగం, మూడు మాటలూ శ్లోకంలో ఉన్న వరసలోనే ఉన్నాయి. పైగా ‘ప్రాణానల’కి తరువాతి పాదంలో ‘వీణావాదన’తో ణకార ప్రాస కుదిరింది. శాస్త్రంలోని శ్లోకం ఇంత సులువుగా తెలుగు పాటలో ఒదగడం నాకు ఎన్నిసార్లు విన్నా ఆశ్చర్యమే.

వ్యాఖ్య: అయితే నాదం అనే పదం ఈ రెండక్షరాల నుంచే పుట్టిందన్నమాట. మరి నిఘంటువుల్లో ఇలా ఎందుకు రాయరండీ?

నా జవాబు: పదం పుట్టుక అది కాదండీ. వ్యాకరణం ప్రకారం ‘ణద అవ్యక్తే శబ్దే’ అనే ధాతువు నుంచి నాదం వచ్చింది. స్పష్టమైన అక్షరాలు లేని ధ్వని చేయడం అని ఆ ధాతువుకి అర్థం. నది అన్న మాట కూడా అక్కడిదే. హోరుమని పారుతుంది కనుక నది. అధర్వవేదంలోనే నీళ్లని ఉద్దేశించి, మీరు నాదం చేశారు కనుకే నదులయ్యారు అని చెప్పిన మంత్రం ఉంది.

న, ద అని విడగొట్టడం నిర్వచనం. ఒక దర్శనాన్ని గుర్తుండేలా మాటలో పొదిగి పెట్టే పద్ధతి అది. దాన్ని భాషాచరిత్ర అనుకుంటే పొరపాటు. అలాగని కల్పితమని కొట్టిపారేస్తే ఈ చరణమే అర్థం కాదు. రెండూ వేరువేరు ప్రశ్నలకి జవాబులు. వ్యాకరణం పదం ఎలా పుట్టిందో చెబుతుంది, ఈ శ్లోకం నాదం ఎలా పుడుతుందో చెబుతుంది. మన గుంపులో ఈ రెంటినీ కలిపేయడం వల్లే సగం వాదనలు వస్తున్నాయి.

వ్యాఖ్య: గాలీ నిప్పూ అర్థమయ్యాయి. చైతన్యం మాటేమిటి? నాదబ్రహ్మం అంటారు కదా.

నా జవాబు: అసలు మొదలే అక్కడండీ. శార్ఙ్గదేవుడు చెప్పిన క్రమం ఇది. ఆత్మకి పలకాలనిపిస్తుంది. అది మనసుని కదిలిస్తుంది. మనసు దేహంలోని వహ్నిని తాకుతుంది. వహ్ని గాలిని పైకి తోస్తుంది. ఆ గాలి నాభి, హృదయం, కంఠం, శిరస్సు, నోరు దాటుకుంటూ ధ్వని అవుతుంది. ఉచ్చారణ శాస్త్రమైన పాణినీయ శిక్షలో మాట పుట్టే తీరుని కూడా దాదాపు ఇలాగే చెప్పారు. అంటే ఊపిరి కంటే ముందు నిప్పు, నిప్పు కంటే ముందు మనసు. అందుకే అనలం పోతే ఒక్క మాట పోయినట్టు కాదు, మధ్యలో మెట్టు విరిగినట్టు.

రత్నాకరంలోని నాద ప్రకరణంలో మొదటి శ్లోకం ‘చైతన్యం సర్వభూతానాం’ అనే మొదలవుతుంది. సర్వప్రాణుల్లోని చైతన్యమే జగత్తుగా విచ్చుకుంది, రెండోది లేని ఆ ఆనందమే నాదబ్రహ్మం, దాన్ని ఉపాసిస్తున్నాం అని. ఇక జగన్మోహిని రాగంలో త్యాగరాజస్వామి ‘నాభి హృత్కంఠ రసన నాసాదుల యందు’ అన్నప్పుడు ఆ దారే మళ్లీ కనిపిస్తుంది. ఆ కీర్తన ఎత్తుగడ ఏమిటి? ‘శోభిల్లు సప్తస్వర’! మోగే స్వరాలు అనలేదు, శోభిల్లే స్వరాలు అన్నారు.

వ్యాఖ్య: స్వరం అంటే స్వయంగా ప్రకాశించేది అని మా మాస్టారు చెప్పేవారు. సరైనదేనా?

నా జవాబు: ‘స్వయం రాజంతే స్వరాః’ అని పతంజలి రాసిన వ్యాకరణ గ్రంథం మహాభాష్యంలో ఉంది. రాజృ ధాతువుకి దీప్తి అని అర్థం. అయితే అక్కడ చర్చ అచ్చుల గురించి. హల్లు మరొకదాన్ని ఆనుకుని పలుకుతుంది, అచ్చు తనంతట తాను వెలుగుతుంది. సంగీత స్వరానికి శార్ఙ్గదేవుడు ‘స్వతో రంజయతి’ అని చెప్పాడు, వినేవారి మనసుని తనంతట తాను రంజింపజేసేది అని. రంజ్ అంటే రంగు పట్టించడం కూడా. రాగం అన్న మాట దాని నుంచే. మీ మాస్టారి మాట తప్పు కాదు, ఎక్కడిదో గుర్తుపెట్టుకుంటే చాలు.

వ్యాఖ్య: ఆ చరణంలోనే ‘సప్త స్వరములై బరగ’ అని ఉంది కదా, బరగ ఏమిటండీ? మా పిల్లలు అడిగితే చెప్పలేకపోయాను.

నా జవాబు: పరగు అనే అచ్చ తెలుగు క్రియ, పాటలో బరగ అయింది. ఒప్పు, ప్రసిద్ధమగు, వెలయు అని అర్థాలు. పద్యాల్లో తప్ప ఇప్పుడు వాడుకలో లేదు. స్వరాలై వెలయగా అని చెప్పండి, పిల్లలకి అందుతుంది. మా అమ్మాయికి అలాగే చెప్పాను. విని, తనే రబ్బరు తీసుకుని ‘ని’ చెరిపి ‘న’ రాసుకుంది.