మట్టి నమూనాలో బారెన్ దీవిని, పంగిడి నల్లరాయిని ఎలా చూపించాలి?

అందరికీ నమస్కారం. మాది అమలాపురం పక్క పల్లె. మాకు ఎత్తంటే ఏటిగట్టే, కొండల సంగతి అంతంతమాత్రం.

ఎనిమిదో తరగతి చదివే మా మేనల్లుడి కోసం బంకమట్టితో దేశంలోని పర్వతాలు, అగ్నిపర్వతాల నమూనా చేస్తున్నాం. వెయ్యి మీటర్లకు సెంటీమీటరు లెక్కన కాంచన్‌జంగ (8,586 మీ.) ఎనిమిదిన్నర, కేరళలోని ఆనముడి (2,695 మీ.) రెండున్నర పైచిలుకు వచ్చాయి. చిక్కల్లా అండమాన్‌లోని బారెన్ దీవితోనే. దేశంలో ఇప్పటికీ రగిలే అగ్నిపర్వతం అదొక్కటే, తీరా ఎత్తు చూస్తే సుమారు 350 మీటర్లు! కందిబద్దంత కూడా రావట్లేదు. దానికొక్కదానికి వేరే కొలత వాడొచ్చా?

అసలు తగాదా రెండోది. కొవ్వూరు దగ్గర పంగిడి క్వారీల నల్లరాయి, దాదాపు ఆరున్నర కోట్ల ఏళ్ళ కిందట పడమటి కనుమల వైపు పొంగి, ఇంతదూరం పారి గడ్డకట్టిన దక్కన్ లావాయేనట. మా ఇంటి పునాదిలో పోసింది ఆ కంకరే! "మామయ్యా, అక్కడా ఓ అగ్నిపర్వతం పెట్టేద్దాం" అంటాడు వీడు. లావా కక్కే బిలమే లేనిచోట పెడితే అబద్ధం కాదూ? నల్లరంగు పూస్తే చాలా, పడమటి కనుమల వైపు నుంచి లావా దారి కూడా గీయాలా?

సోమవారం అప్పగించాలి. ఇలాంటివి చేసినవాళ్ళు కాస్త చెప్పండి.