‘అప్పీలు కొట్టేశారు’ అంటే ఓడిపోయినట్టేనా?

ప్రశ్న: ఫ్యామిలీ కోర్టు ఇచ్చిన విడాకుల డిక్రీ మీద హైకోర్టులో అప్పీలు వేశారు. వాయిదాలకు ఎవరూ వెళ్లలేదు. చివరికి ‘డిస్మిస్డ్ ఫర్ నాన్ ప్రాసిక్యూషన్’ అని ఆర్డరు వచ్చింది. దీన్ని తెలుగులో ఎలా రాయాలి? ‘ప్రాసిక్యూషన్ లేనందున’ అంటే క్రిమినల్ కేసేమో అనుకుంటారు కదా.

జవాబు: అవునండీ, ఆ మాట వద్దు. అలాగని ‘అప్పీలును తోసిపుచ్చిన హైకోర్టు’ అని రాసినా తప్పే. తోసిపుచ్చడం అంటే వాదన విని కాదనడం. ఇక్కడ అసలు వినలేదు. కేసు పిలిచారు, ఎవరూ పలకలేదు, కొట్టేశారు. సివిల్ ప్రొసీజర్ కోడ్ 41వ ఆర్డరు 17వ రూలుకు 1976 సవరణలో ఒక వివరణ చేర్చారు. అప్పీలుదారు రాకపోతే గుణదోషాల్లోకి, అంటే కేసులో ఎవరి వాదన సరైందన్న విషయంలోకి వెళ్లి కొట్టేసే అధికారం కోర్టుకు లేదని అందులో స్పష్టంగా ఉంది. అంటే ఓడిపోలేదు, విచారణే జరగలేదు. ఈ తేడా మన తెలుగు వాక్యంలో కనపడాలి.

ఇంకొకరు: ‘గైర్హాజరు వల్ల కొట్టివేత’ అంటే సరిపోదా?

జవాబు: ‘డిస్మిస్డ్ ఫర్ డీఫాల్ట్’కైతే, అంటే పిలిచినప్పుడు రాలేదని కొట్టేస్తే, చక్కగా సరిపోతుంది. నాన్ ప్రాసిక్యూషన్ అంతకంటే కాస్త విశాలం. లాయరు వస్తూనే ఉండొచ్చు. కానీ అవతలి పక్షానికి నోటీసు వెళ్లడానికి బత్తా (నోటీసు పంపే ఖర్చు) కట్టలేదు, కోర్టు ఆఫీసు చెప్పిన లోపాలు సరిదిద్దలేదు, అడిగిన కాగితాలు దాఖలు చేయలేదు. అందుకే ‘నడపనందున కొట్టివేత’ అంటాను. కేసు నడపడం, కేసు నడుస్తోంది అనే మాటలు మన నోట ఉన్నవే. ‘పట్టించుకోనందున’ అని మాత్రం రాయకండి, అది నింద. వాయిదా తేదీ లాయరు చెప్పక, పిల్లలతో పుట్టింట్లో ఉన్న ఆడమనిషికి సంగతే తెలియకపోవచ్చు. లాయరు తప్పుకు కక్షిదారు నష్టపోకూడదని సుప్రీంకోర్టు 1981లోనే అంది.

ఇంకొకరు: ఒక్క మాటకు ఇంత పట్టింపు అవసరమా?

జవాబు: చాలా అవసరం. గైర్హాజరుతో కొట్టేసిన అప్పీలును మళ్లీ ఫైలుకు తీసుకోమని అడగడానికి గడువు 30 రోజులే. అది దాటితే ఆలస్యాన్ని మన్నించమని వేరే పిటిషన్ వేయాలి, ప్రతి రోజుకీ సంజాయిషీ చెప్పుకున్నంత టెన్షన్. పైగా అప్పీలు కొట్టేశాక కింది కోర్టు డిక్రీ నిలబడుతుంది, స్టే ఉంటే పోతుంది. హిందూ వివాహ చట్టం 15వ సెక్షన్ ప్రకారం అవతలి మనిషి మళ్లీ పెళ్లి చేసుకోవచ్చు కూడా. ‘కొట్టేశారట’ అని విని అంతా అయిపోయిందనుకుని ఇంట్లో కూర్చుంటే ఆ 30 రోజులు కాస్తా వెళ్లిపోతాయి.

కాబట్టి నేనైతే ఇలా రాస్తాను: ‘అప్పీలుదారు నడపనందున, విచారణ జరపకుండానే అప్పీలును కొట్టివేశారు, పునరుద్ధరణ కోరవచ్చు.’ హెడ్డింగులో చోటు లేకపోతే ‘విచారణ లేకుండానే అప్పీలు కొట్టివేత’ చాలు.