మైనింగెన్ వెళ్లొచ్చినవాళ్లు ఎవరైనా ఉన్నారా?

అందరికీ నమస్కారం. జర్మనీలో సాక్స్-మైనింగెన్ అనే చిన్న డచీని (డ్యూక్ ఏలే రాజ్యాన్ని) 1866 నుంచి 1914 దాకా ఏలిన రెండో గేయోర్గ్ గురించి చదువుతున్నాను. ప్రష్యాతో జరిగిన యుద్ధంలో ఆస్ట్రియా వైపు నిలిచిన తండ్రి గద్దె దిగాల్సొచ్చి ఈయనకి పాలన వచ్చింది గానీ మనసంతా నాటకాల మీదే, సెట్లు, దుస్తులు స్వయంగా గీసేవాడు, గుంపులో నిలబడేవాళ్లకి కూడా రిహార్సల్ తప్పేది కాదు, 1874లో బెర్లిన్‌తో మొదలైన ఆయన నాటక బృందం పర్యటనలు 1890 దాకా సాగాయి. 1873లో నటి ఎలెన్ ఫ్రాంట్స్‌ని పెళ్లాడితే చుట్టాలకి మింగుడుపడలేదు (ఎక్కడైనా అంతే కదా!).

నాకు కావలసింది ఆయన గీసిన బొమ్మలు. మైనింగెన్ మ్యూజియంలో అవి చూడనిస్తారా, ఫొటోలు తీసుకోవచ్చా? జర్మనీలో ఉండే మనవాళ్లెవరైనా చెప్పండి, నాకు జర్మన్ రాదు, వాళ్లకి మెయిల్ రాయాలంటేనే టెన్షన్.