గుండు హనుమంతరావు గారిని సినిమా నటుడనాలా, టీవీ నటుడనాలా?

ఆదివారం_ఎనిమిదిన్నర:
నిన్న ఒకచోట ఒకాయన బాధపడుతూ రాశారు. నాలుగు వందలకు పైగా సినిమాలు చేసిన గుండు హనుమంతరావు గారిని జనం చివరికి సీరియల్ నటుడిగానే గుర్తు పెట్టుకున్నారట, అది ఆయనకు అన్యాయమట. నాకు ఇందులో అన్యాయం ఎక్కడుందో అర్థం కాలేదు. ఆయన నటనలో అసలు పంట పండింది 'అమృతం' అనే కామెడీ సీరియల్‌లోనే అని నేనంటాను. కాదనేవాళ్ళు చెప్పండి, వింటాను.

నేనెందుకు అలా అంటున్నానో చెప్తా. 2001 నవంబరు నుంచి 2007 నవంబరు దాకా జెమినీలో ఆదివారం రాత్రి వచ్చేది. మొత్తం 313 ఎపిసోడ్లు. ఈ ఆరేళ్ళలో అమృతం పాత్రను ముగ్గురు వేశారు. మొదట శివాజీ రాజా, తర్వాత నరేష్, ఆ తర్వాత హర్షవర్ధన్. సీరియల్‌కి పేరిచ్చిన పాత్రే రెండుసార్లు చేతులు మారింది. అయినా జనం చూడడం మానలేదు. ఎందుకంటే పక్కన స్నేహితుడు అంజి, అంటే ఆంజనేయులు, వేషంలో హనుమంతరావు గారు అలాగే ఉన్నారు. కొత్త అమృతాన్ని మనకు అలవాటు చేసింది పాత అంజే. "ఒరేయ్" అనే ఆ చనువు మారలేదు కాబట్టి ఎదురుగా ఉన్న మొహం మారినా ఇల్లు మారినట్టు అనిపించలేదు. టైటిల్ పాట కూడా పిలిచేది ఆంజనేయుల్నే కదా.

పాత_రీలు:
మీ అభిమానం అర్థమైంది గానీ లెక్క తలకిందులు చేస్తున్నారు. ఆయన విజయవాడ నుంచి వచ్చి, జంధ్యాల గారి 'అహ నా పెళ్లంట' నాటి నుంచి తెరమీద ఉన్న మనిషి. 'మాయలోడు', 'యమలీల' రోజుల్లో ఎస్.వి. కృష్ణారెడ్డి గారి సినిమాల్లో ఆయన లేకపోతే వెలితిగా ఉండేది. ఆ పదిహేనేళ్ళ సినిమా అనుభవం చూసే కదా 'అమృతం' తీసిన గుణ్ణం గంగరాజు గారు అంజి వేషం ఇచ్చింది? టీవీ ఆయన్ని తయారు చేయలేదు, తయారైన ఆయన్ని వాడుకుంది.

ఇంకో మాట. ఆ రోజుల్లో కోట, బ్రహ్మానందం, బాబూమోహన్, ఆలీ, మల్లికార్జునరావు, ఏవీఎస్ అందరూ ఉన్న ఫ్రేములో రెండు డైలాగులతో జనం కంట పడడం తేలిక కాదు. సినిమాలో చిన్న వేషం అంటే చులకనగా చూడకండి.

ఆదివారం_ఎనిమిదిన్నర:
చులకన చేయలేదండీ. ఆ చిన్న వేషాలే ఎక్కువ కాలం ఇచ్చారనేదే నా బాధ. ఒక చిన్న లెక్క వేశాను, అంకెలు నా ఊహే. సినిమాకి సగటున ఐదు నిమిషాలు కనిపించారనుకుందాం. నాలుగు వందల సినిమాలకి ముప్పై మూడు గంటలు. అమృతం ఎపిసోడ్ ఇరవై నిమిషాలు, అందులో సగమే ఆయన ఉన్నారనుకున్నా యాభై గంటలు దాటుతుంది. పైగా ఆ ముప్పై మూడు గంటలు నాలుగు వందల వేర్వేరు మనుషులవి. ఈ యాభై గంటలు ఒక్క మనిషివి. ఆ మనిషికి భార్య ఉంది, అద్దె బాకీ ఉంది, ఇంటి ఓనరు అప్పాజీ అంటే భయం ఉంది, స్నేహితుడి పిచ్చి ఆలోచనలకి తలూపి తర్వాత తల పట్టుకునే అలవాటు ఉంది. క్యారెక్టర్ ఆర్టిస్ట్ అనే మాటలో క్యారెక్టర్ అంటే ఇదే కదా?

పాత_రీలు:
నిమిషాలతో నటన కొలిస్తే రోజువారీ సీరియళ్ళలో వాళ్ళంతా మహానటులైపోవాలి. 'కార్తీక దీపం' 1569 ఎపిసోడ్లు నడిచింది. అందులో ప్రతిరోజూ కనిపించిన అత్తగారి వేషాలు, బాబాయి వేషాలు ఎంతమందికి గుర్తున్నాయి?

ప్రాంప్టింగ్_మనిషి:
ఈ ప్రశ్నకి నేను జవాబు చెప్పగలను. డైలీ సీరియళ్ళకి అసిస్టెంట్‌గా కొన్నేళ్ళు పనిచేశాను, ప్రాంప్టింగ్ ఇచ్చేది నేనే. చాలామందికి ఈ పని తెలియదు. సీన్ పేపర్ పొద్దున్నే వస్తుంది, ఒక్కోసారి షాట్ ముందు వస్తుంది. ఆర్టిస్ట్ బట్టీ పట్టే టైం ఉండదు. కెమెరా పక్కన నిలబడి నేను ఒక్కో ముక్క గట్టిగా చదువుతాను, ఆర్టిస్ట్ విని అంటారు. తర్వాత డబ్బింగ్‌లో నా గొంతు పోతుంది, చాలాసార్లు ఆర్టిస్ట్ గొంతు కూడా పోయి ఇంకొకరిది వస్తుంది. ఇక పెద్దావిడ వేషం వేసే ఆర్టిస్ట్ ఏం చేయాలి? తన వంతు వచ్చేదాకా నిలబడాలి, ఎవరో ఒక మాట అనగానే ముగ్గురి మొహాల మీదికి కెమెరా వెళ్తుంది, ఉలిక్కిపడాలి. అదే షాట్ రేపు కూడా.

నాటకాల నుంచి వచ్చిన పెద్దాయన ఒకరు నాతో పనిచేశారు. మాట విరుపు, నిలబడే తీరు, అన్నీ తెలిసినవారు. ఒకరోజు సీన్ మొత్తంలో ఆయనకి ఉన్న పని తలుపు దగ్గర నిలబడి వినడం. ఆ వినడంలోనే ఆయన ఏదో చేశారు, కళ్ళు దించి కండువా కొస సర్దుకున్నారు, నాకు ఒళ్ళు జలదరించింది. ఎడిటింగ్‌లో అది పోయింది. రోజుకి ఒక ఎపిసోడ్ అంత ఫుటేజీ తీయాల్సిన చోట కండువా కొస కోసం ఎవరు ఆగుతారు? ఆయనకి రావాల్సిన డబ్బు కూడా ఆ సంస్థ నెలల తరబడి తిప్పింది. నాకైతే రెండు నెలలది రానేలేదు.

కాబట్టి పాత_రీలు గారూ, డైలీ సీరియల్ ఆర్టిస్టులు గుర్తుండకపోవడం వాళ్ళ తప్పు కాదు. అమృతం వారానికి ఒకటే. ఒక్కో ఎపిసోడ్‌కి ఒక పూర్తి కథ, మొదలూ చివరా రాసుకుని వచ్చేవాళ్ళు. నటుడికి ఊపిరి తీసుకునే చోటు ఉండేది. మీరిద్దరూ టీవీ, సినిమా అని గీత గీస్తున్నారు గానీ అసలు గీత వారానికీ రోజుకీ మధ్య ఉంది.

తుమ్మలపల్లి_ముందువరస:
నాదో చిన్న అభ్యంతరం. సినిమా గొప్పా టీవీ గొప్పా అంటూ ఇద్దరూ నాటకాన్ని వదిలేశారు. హనుమంతరావు గారు పద్దెనిమిదేళ్ళకే రంగస్థలం ఎక్కారు. పైన పెద్దాయన కండువా సర్దుకున్నది ఎక్కడ నేర్చుకున్నారో అంజి కూడా అక్కడే నేర్చుకున్నాడు. స్టేజీ మీద ఎదుటివాడు మాట్లాడుతుంటే నువ్వు ఖాళీగా నిలబడడానికి వీల్లేదు. జనం నిన్నే చూస్తూ ఉండొచ్చు, కట్ చేసేవాడు ఉండడు.

పాత_రీలు:
ఈ మాట ఒప్పుకుంటాను. అయితే ఆదివారం_ఎనిమిదిన్నర గారికి ఒక ప్రశ్న మిగిలింది. పాత్ర అంత గొప్పదైతే నటుడు ఎవరైనా నడవాలి కదా? 2014లో 'చందమామలో అమృతం' సినిమా తీశారు, అవసరాల శ్రీనివాస్ అమృతంగా, హరీష్ అంజిగా. నిలబడలేదు. హనుమంతరావు గారు 2018 ఫిబ్రవరి 19న పోయారు. 2020లో సీరియల్‌కి కొనసాగింపుగా 'అమృతం ద్వితీయం' వచ్చినప్పుడు అంజి వేషం ఎల్బీ శ్రీరామ్ గారు వేశారు. శ్రీరామ్ గారు ఎంత అనుభవం ఉన్న రచయితో, నటుడో మనకు తెలుసు. మరి ఆ వేషం వేయడం సరైందే అంటారా?

ప్రాంప్టింగ్_మనిషి:
వేయించడం తప్పు కాదు. డైలీల్లో అయితే 'ఈ పాత్రలో ఇకనుంచి ఫలానా' అని కింద ఒక పట్టీ వేసి ముందుకు పోతారు. చనిపోయినా అంతే, డేట్లు కుదరకపోయినా అంతే. ఇక్కడ కనీసం సమానమైన స్థాయి మనిషిని వెతికారు. నా అభ్యంతరం వేరే చోట ఉంది. పాత ఎపిసోడ్లు ఇప్పటికీ యూట్యూబ్‌లో జనం చూస్తూనే ఉన్నారు. పాట రాసినవాళ్ళకి, సంగీతం ఇచ్చినవాళ్ళకి రాయల్టీ అనేది ఒకటుంది, 2012 కాపీరైట్ చట్ట సవరణతో అది గట్టిపడింది. రోజు లెక్కన డబ్బు తీసుకునే క్యారెక్టర్ ఆర్టిస్టుకి మన దగ్గర ఆ అలవాటే లేదు. ఆ రోజు పేమెంట్‌తో కథ అయిపోయినట్టే. ఈ విషయంలో సినిమా అయినా టీవీ అయినా ఒకటే. ఆయన ఏ నటుడు అని తేల్చుకునే ముందు ఇది మాట్లాడుకుంటే బాగుండేది.

ఆదివారం_ఎనిమిదిన్నర:
ఈ రాయల్టీ సంగతి నాకు తట్టలేదు, మీరు చెప్పింది నిజం.

శ్రీరామ్ గారి గురించి అడిగారు కాబట్టి. రెండు ఎపిసోడ్లు చూశాను. ఆయన బాగానే చేశారు, ఎక్కడా అనుకరించలేదు, అది ఆయన గౌరవం. అయినా హర్షవర్ధన్ ఏదో కొత్త ప్లాన్ చెప్పి పక్కకి తిరిగినప్పుడు నా కన్ను ఇంకో మొహం కోసం వెతికింది. అమృతం మారినప్పుడు నాకిలా జరగలేదు. నరేష్ గారు వెళ్ళి హర్షవర్ధన్ వచ్చిన వారం ఇంట్లో అందరం ఒక ఐదు నిమిషాలు అటూ ఇటూ చూసుకుని తర్వాత మామూలుగా నవ్వేశాం.

పాత_రీలు గారూ, ఆయన్ని సినిమా తయారు చేసిందన్న మీ మాట కాదనను. నాటకం సంగతి కూడా ఒప్పుకున్నాను. కానీ ఆ తయారైన మనిషికి కూర్చోవడానికి కుర్చీ వేసింది ఎవరు? 2000 దాటాక సునీల్, వేణుమాధవ్, ఎం.ఎస్. నారాయణ గార్ల ఊపు వచ్చింది, పాత బృందంలో చాలామందికి వేషాలు చిక్కిపోయాయి. సరిగ్గా అప్పుడే ఆయనకి ఆరేళ్ళు ఒక ఇల్లు, ఒక హోటలు, ఒక స్నేహితుడు దొరికారు. అందుకే టీవీ నటుడు అంటే ఆయన స్థాయి తగ్గించినట్టు నాకు ఎప్పటికీ అనిపించదు.

పాత_రీలు:
స్థాయి తగ్గిందని నేనూ ఇక అనను. కానీ ఈ ఆదివారం 'యమలీల' పెట్టుకుని ఆయన వచ్చే సీన్లు మాత్రం ఒక్కసారి చూడండి. చూసొచ్చాక మళ్ళీ మాట్లాడుకుందాం.