రోడ్డు మీద తిరిగే మానసిక రోగులు, డాక్టర్ భరత్ వట్వానీ: మీ అనుభవాలు చెప్పండి

తణుకు_వాసి:
మా బస్టాండు దగ్గర ఒకాయన ఆరు నెలలుగా ఉంటున్నాడు. జడలు కట్టిన జుట్టు, ఎండలో కూడా ఒంటి మీద మూడు చొక్కాలు. టీ కొట్టాయన పొద్దున్నే బన్ను పెడతాడు, మిగతావాళ్లం పక్కకి తప్పుకుంటాం. వట్వానీ గారి గురించి చదివాక నాకు అలా తప్పుకోవడం కష్టంగా ఉంది. ముంబైలో ఆయనా, భార్య స్మిత గారూ ఇద్దరూ సైకియాట్రిస్టులే. ఒకసారి హోటల్లో కూర్చుని ఉంటే, బయట ఒక కుర్రాడు కొబ్బరి చిప్పతో మురిక్కాలవ నీళ్లు తాగుతూ కనిపించాడట. తమ క్లినిక్‌కి తీసుకెళ్లి వైద్యం చేస్తే తేరుకున్నాడు. చూస్తే బీఎస్సీ చదివినవాడు. తండ్రి మన ఆంధ్రాలోనే జిల్లా పరిషత్ సూపరింటెండెంటు! ఇలాంటివాళ్లకి వైద్యం చేసి ఇంటికి చేర్చే శ్రద్ధా ఫౌండేషన్ 1988లో మొదలైంది అలాగే. 2018లో ఆయనకి మెగసెసే అవార్డు వచ్చింది. మా బస్టాండు ఆయన కూడా ఎవరింటి బిడ్డో కదా. ఏం చెయ్యాలి?

వార్డు_నర్సు:
నేను మహారాష్ట్రలో ఇలాంటి ఒక ఆశ్రమంలో నాలుగేళ్లు పనిచేశాను. ముందు అన్నం, తర్వాత స్నానం, మందులు ఆ తర్వాతే. భయపడే మనిషిని సూదితో పలకరిస్తే ఇక మనల్ని నమ్మరు. ఒక పెద్దామె మూడు వారాలు ఏ భాషలో పిలిచినా పలకలేదు. ఒకరోజు నా డబ్బాలోంచి గోంగూర పచ్చడి వేస్తే, ముద్ద కలుపుతూ "ఉల్లిపాయ ఏదమ్మా?" అంది. నాకు ఏడుపొచ్చేసింది. ఊరి పేరు చెప్పడానికి ఇంకో పదిహేను రోజులు పట్టింది.

చిన్నచెల్లి:
ఇంటికి పంపితే అయిపోదండీ, అసలు కష్టం అక్కడే మొదలు. మా అన్నయ్యని నాన్న రెండేళ్లు గొలుసుతో కట్టేశారు. ఆయన చెడ్డవాడు కాదు. అన్నయ్య రాత్రిళ్లు హైవే మీదికి వెళ్లిపోతాడని భయం. 2001లో తమిళనాడులోని ఏర్వాడిలో మానసిక రోగుల ఆశ్రమానికి మంటలు అంటుకుంటే గొలుసులతో ఉన్న 28 మంది పారిపోలేక చనిపోయారు. ఆ వార్త చదివిన రోజే తాళం తీసేశారు. అప్పటి నుంచి మందులే. "తగ్గిందిగా, ఇంకెందుకు" అని చుట్టాలు రెండుసార్లు మాన్పించారు, రెండుసార్లూ మళ్లీ మొదటికొచ్చింది. ఇప్పుడు కిరాణా కొట్టులో లెక్కలు చూస్తున్నాడు. ఈరోజుకీ పడుకునేటప్పుడు కుడికాలు దుప్పటి బయట పెట్టడు.

లా_స్టూడెంట్:
ఏర్వాడి నాటికి లేని రక్షణ ఇప్పుడు చట్టంలో ఉంది. 2017 మెంటల్ హెల్త్‌కేర్ చట్టం ప్రకారం గొలుసు వెయ్యడం నిషేధం. అదే చట్టంలో సెక్షన్ 100 చదవండి. తనను తాను చూసుకోలేని స్థితిలో తిరుగుతున్న మనిషిని 24 గంటల్లోగా ప్రభుత్వ వైద్యం దగ్గరికి చేర్చే బాధ్యత పోలీసులది. లాకప్‌లో పెట్టకూడదు. మిస్సింగ్ కేసు రాసి కుటుంబాన్ని వెతకాలి కూడా. సలహా కావాలంటే టెలీ మానస్ అని ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ ఉంది, నంబరు 14416, తెలుగులో మాట్లాడతారు.

తణుకు_వాసి:
సెక్షన్ ప్రింటు తీసుకుని స్టేషన్‌కి వెళ్లొచ్చాను. ఎస్‌ఐ గారు పూర్తిగా చదివారు, రేపు పొద్దున వ్యాన్ పంపిస్తామన్నారు. కొత్తవాళ్లు పిలిస్తే ఆయన వ్యాన్ ఎక్కడేమోనని టీ కొట్టాయన కొట్టు కట్టేసి తోడు వస్తున్నాడు. నర్సు గారూ, బన్ను తీసుకెళ్తున్నాం. ఇంకేమైనా పట్టుకెళ్లాలా?

వార్డు_నర్సు:
ఆ మూడు చొక్కాలూ. పారెయ్యనివ్వకండి, ఉతికి ఆయనకే ఇవ్వమని చెప్పండి.