సమస్యాపూరణం: కలలఁ బిండి దీపకళిక వెలిగె

నిర్వాహకుడు: ఈ పాదం రెండు రోజులుగా వదలడం లేదు, మీకే అప్పగిస్తున్నా.

*కలలఁ బిండి దీపకళిక వెలిగె*

కలల నుంచి కరెంటు తీసే యంత్రం కట్టండి. యంత్రం ఊహే, లోపలి సరంజామా మాత్రం పనిచేసేదై ఉండాలి. నెత్తికి ఎలక్ట్రోడ్లు తగిలించి మెదడు తరంగాలతో బల్బు వెలిగించే పూరణలు వద్దు. అక్కడ దొరికేది ఏ 50 మైక్రోవోల్టులో. చర్మం దగ్గర నిరోధం 5 కిలోఓములనుకుంటే, తలకు వచ్చేది పికోవాటులో ఎనిమిదో వంతు. 2 మిల్లీవాట్ల ఎల్‌ఈడీకి 1600 కోట్ల తలలు కావాలి. భూమ్మీద జనమంతా పడుకున్నా సగమే.

కొలిమి:

నుదుటిపట్టి లోన నూరు జోడులఁ గూర్చి
వెలికి నల్ల రేకు వీవన లిడి
స్వప్నమొదవు వేళ సంచయించిన వేడి
కలలఁ బిండి దీపకళిక వెలిగె

నుదుటికీ గాలికీ మధ్య ఉష్ణవిద్యుత్ పలక, అంటే రెండు ముఖాల వేడిలో తేడా ఉంటే కరెంటిచ్చేది; జోడులు దానిలోని జతలే. కంటి కొనల పక్క రెండు ఎలక్ట్రోడ్లు. కనుగుడ్లు చకచకా కదిలినప్పుడే, కరెంటు దాచుకునే కెపాసిటర్‌కి దారి తెరిచే స్విచ్చి వాటిది. తొలి కల దశ నిద్రపట్టిన సుమారు 90 నిమిషాలకు వస్తుంది, అంతవరకూ ఆ దారి మూసే ఉంటుంది.

యతిభంగం: 'వేడి' దగ్గర ఆగితే ఒక అర్థం, 'వేడికలల' అని కలిపితే ఇంకో అర్థం. ఆ విరుపుకి నమస్కారం. బజారు పలకలో జోడులు 127, పద్యానికి నూరు చాలు. 127 జోడుల పలకకు రెండు ముఖాల మధ్య 2 డిగ్రీలు నిలిస్తే సుమారు 100 మిల్లీవోల్టులు వస్తాయి. చిన్న వోల్టేజిని పెంచే ఎల్‌టీసీ 3108 చిప్పు 20 మిల్లీవోల్టులకే లేస్తుంది కనుక ఫరవాలేదు. కానీ మే నెల బెజవాడలో గది 35 డిగ్రీలుంటే నుదురూ అంతే. తేడా లేదు, దీపమూ లేదు. 'వీవనలు' ఎన్ని పెట్టినా వేడిగాలిలో చల్లబడవు.

పోయిన వారం ఇదే కొలిమి గారు దిండు కింద ఒత్తిడి పలక పెట్టి, కలలో పొర్లితే కరెంటు పుట్టించారు. నేను అప్పుడే అన్నాను. కల ముదిరిన దశలో కాళ్ళూ చేతులూ సడలిపోతాయి, కదిలేవి కనుగుడ్లు. 1953లో షికాగోలో నిద్ర పరిశోధకులు అసెరిన్‌స్కీ, క్లైట్‌మన్ ఆ కదలికను బట్టే ఆ దశను ప్రకటించారు. ఇప్పుడు కంటి దగ్గరికి వచ్చారు, సంతోషం.

కృష్ణాతీరం: కలల జోలికే వెళ్ళకుండా:

రాగి రేకు, జింకు రాసిన మేకును
గ్రుచ్చి తీగ చుట్టి కూర్చినంత
నిమ్మపండు కోసి నిలువుగా నాల్గు శ
కలలఁ బిండి దీపకళిక వెలిగె

కొలిమి: పాదం చివర 'శ' వేలాడదీయడం బాగుంది. కానీ కృష్ణాతీరం గారూ, శకలము మువర్ణాంతం, 'ము'తో ముగిసే మాట. శకలములు, శకలములఁ. 'శకలలఁ' ఎక్కడిది? ఆ ఒక్క అక్షరం కోసం కట్టిన పద్యం ఆ అక్షరం దగ్గరే జారింది. 'జింకు పూసిన' అనాల్సింది యతి కోసం 'రాసిన' అయింది, అది క్షమించొచ్చు.

పనితనంలోనూ చిక్కుంది. శక్తి జింకు కరగడంలోంచి వస్తుంది, నిమ్మరసం దారి మాత్రమే. పిండేస్తే ఆ దారి ఎండిపోతుంది. ముక్కకు 0.9 వోల్టులు, నాలుగూ వరుసగా కలిపితే 3.6; ఎర్ర ఎల్‌ఈడీ మసకగా వెలుగుతుంది. నాలుగింటినీ ఒకే తడి పళ్ళెంలో పెట్టారో, కారిన రసం వాటిని లోపలే కలిపేస్తుంది, వోల్టేజి పడిపోతుంది. విడివిడి గిన్నెలు కావాలి.

కృష్ణాతీరం: శకలల తప్పే, ఒప్పుకుంటున్నా. గిన్నెల మాటా నిజమే. దిండు పూరణలో మీ మూడో పాదం యతి కూడా ఓసారి చూసుకోండి మరి.

యతిభంగం: ఆ విరుపుని వ్యాకరణం చెడకుండా నిలపొచ్చు. 'కల' ఆకారాంతమే కావాలంటే చంద్రుడున్నాడు, ల-ళలకు అభేదం:

సూర్యుడస్తమింప సోలారు పలకపై
వెండి తీగలల్లి వేచియుండ
పున్నమైన రాత్రి పూర్ణమౌ నా చంద్ర
కలలఁ బిండి దీపకళిక వెలిగె

నిర్వాహకుడు: పదహారు కళలూ పిండేశారు! సోలారు సెల్లు ముఖం మీద గీతలు వెండి ముద్దతో వేసేవే, ఆ మాట అక్కడ కూర్చోవడం నాకు బాగా నచ్చింది. పున్నమి వెన్నెల ఎండలో సుమారు 4 లక్షల వంతు. 100 వాట్ల పలకకు లెక్కలో పావు మిల్లీవాటు, అదీ చాలావరకు సెల్లు లోపలి లీకేజీలోనే పోతుంది. దీపం వెలగదు, పద్యం వెలిగింది.

కొలిమి: 'పూర్ణమౌ నా చంద్ర' అంటే 'నా చంద్రుడు' అనిపిస్తోంది. 'పూర్ణమైన చంద్ర' అనొచ్చుగా?

యతిభంగం: 'న చంద్ర' జగణం (లఘువు, గురువు, లఘువు). ఇంద్రగణం చోట అది కూర్చోదు కొలిమి గారూ.