‘నువ్వంటే’లో ఆ ‘అంటే’ ఏం చేస్తోంది?

నిన్న సాయంత్రం భీమిలి బస్సులో విన్న మాటతో మొదలుపెడతాను. నా వెనక సీట్లో ఒక జంట, కాలేజీ పిల్లలు. జోడుగుళ్లపాలెం దాటాక అబ్బాయి గొంతు తగ్గించి ‘ఐ లవ్యూ’ అన్నాడు. ‘తెలుగులో చెప్పు చూద్దాం’ అంది అమ్మాయి. వాడు కాస్త తడబడి ‘నిన్ను ప్రేమిస్తున్నాను’ అన్నాడు. ఆ పిల్ల ఫక్కున నవ్వింది. ‘డబ్బింగ్ సినిమాలాగుంది’ అంది. సాగర్ నగర్ వచ్చేదాకా ఇద్దరూ మాట్లాడలేదు. నేను ఫోన్ చూస్తున్నట్టు నటిస్తూ చెవులు వెనక సీటుకే అప్పగించి కూర్చున్నాను. వయసుకు తగిన పని కాదు, తెలుసు. రుషికొండ దగ్గర వాడు నెమ్మదిగా ‘ఏమో... నువ్వంటే నాకిష్టం’ అన్నాడు. ఈసారి ఆ అమ్మాయి నవ్వలేదు. ‘అంతేనేటి?’ అంది.

రెండూ చెప్పేది ఒకటే. మరి మొదటిది నవ్వు తెప్పించి, రెండోది నవ్వు ఆపేసిందెందుకు?

‘ప్రేమిస్తున్నాను’ తప్పు తెలుగేం కాదు. కాకపోతే మనకు లోపల కలిగేవి చాలావరకు ‘నాకు’తోనే వస్తాయి. నాకు ఆకలేస్తోంది, నాకు భయమేసింది, నాకు కోపం వచ్చింది. అవి మనం చేసే పనులు కావు, మనమీద వచ్చి పడేవి. ప్రేమను తీసుకెళ్లి ‘నేను’కి అప్పగిస్తే అదేదో చేతిపనిలా వినిపిస్తుంది. ‘ఏం చేస్తున్నావే?’ ‘బెండకాయలు తరుగుతున్నాను. నువ్వో?’ ‘ప్రేమిస్తున్నాను.’

‘నువ్వంటే నాకిష్టం’లో అసలు క్రియే లేదు. ఉన్న క్రియ అంతా ఆ ‘అంటే’లో దాక్కుంది. అను ధాతువు. ‘నువ్వు’ అని ఎవరైనా అంటే చాలు, నాకు ఇష్టం. మనిషి ఎదురుగా ఉండక్కర్లేదు, మాట చెవిన పడితే సరిపోతుంది.

మన సినిమాల్లో గుర్తుండిపోయిన ప్రేమ మాటల్ని కొన్నిటిని ఈ చెవితో మళ్లీ విన్నాను. ముందు మన ఊరి సినిమా. ‘మరోచరిత్ర’, 1978. బాలచందర్ ఇక్కడే విశాఖలో, భీమిలి దాకా తిప్పి తీశారు. అబ్బాయి తమిళుడు, అమ్మాయి తెలుగు. ఆత్రేయ పాటలో ఆమె ‘ఏ తీగ పూవునో ఏ కొమ్మ తేటినో’ అని పాడుతుంటే, అర్థం కాక అతను ‘అప్పడీన్నా?’ అంటాడు. అంటే ‘అలా అంటే?’ అని. ఆ తమిళ ‘న్నా’ మన ‘అంటే’కి తోబుట్టువే, అది కూడా అనడంలోంచి పుట్టిందే. పాటలో తేటి, అనుబంధం లాంటి మంచి మంచి మాటలున్నాయి. మా ఇంట్లో మాత్రం నలభై ఏళ్లుగా నిలిచింది ‘అప్పడీన్నా?’ ఒక్కటే. ఎదుటి మనిషి మాట అర్థం కాకపోయినా వదలకుండా ‘అంటే? అంటే?’ అని వెంటపడటం కంటే పెద్ద ప్రేమ మాట ఏముంటుంది? ఈ సినిమా మద్రాసులో తెలుగులోనే ఏడాది దాటి ఆడింది. అక్కడి ప్రేక్షకులు కూడా ఆ కుర్రాడిలాగే ‘అప్పడీన్నా’ అనుకుంటూ చూసి ఉంటారు.

ఇక ‘నువ్వొస్తానంటే నేనొద్దంటానా’. రాసింది సిరివెన్నెల, అనకాపల్లిలో పెరిగినాయన. 2004లో ‘వర్షం’లో వచ్చిన పాట అది. అక్కడ ఆ మాట వానతో అంటుంది అమ్మాయి. మరుసటి ఏడాది అదే వాక్యం ఇంకో సినిమాకి పేరైంది, వాన పోయి మనిషి వచ్చాడు. ఒక్క అక్షరం మారలేదు. ఇందులో ‘అను’ రెండుసార్లు ఉంది. ‘నువ్వొస్తాను’ దగ్గర ఒక్క క్షణం ఆగండి. నువ్వు అని మొదలై ‘వస్తాను’ అని తిరిగింది. ‘వస్తాను’ అనేది నీ నోటి మాట, దాన్ని నా నోటితో అంటున్నాను. నువ్వూ నేనూ ఒకే పదంలో ఇరుక్కుని కూర్చున్నాం. అవతలివాళ్లు ఇంకా ‘వస్తాను’ అననేలేదు. ఇక్కడ ‘అంటే’కి అర్థం ‘అన్నట్టయితే’ అని. ఇంకా అడగని ప్రశ్నకి ఇప్పుడే ఒప్పేసుకోవడం.

మీరేమంటారు? (చూశారా, మళ్లీ ‘అంటారే’.)

పైదంతా చదివి కొందరు జవాబులు రాశారు. శ్రీకాకుళం నుంచి ఒకాయన: ‘పాములంటే భయం, పనసతొనలంటే ఇష్టం, లెక్కలంటే చిరాకు. వీటన్నిట్లోనూ ప్రేమకథ ఉందేటి మాస్టారూ? అది ఎప్పుడో అరిగిపోయి విభక్తిలా తయారైంది. వ్యాకరణం అని మొదలెట్టి కవిత్వం చేస్తున్నారు.’

ఒప్పుకుంటాను. రోజూ మాట్లాడేటప్పుడు ‘అంటే’లో అనడం ఎవరికీ వినిపించదు, నాకూ వినిపించదు. పాట చేసే పని అదే కదా. అరిగిపోయిన మాటను రాగం కట్టి సాగదీస్తే లోపలున్నది మళ్లీ బయటికొస్తుంది. పనసతొనల మీద పాట వచ్చినా, బహుశా, వినిపిస్తుంది.

గాజువాక నుంచి ఒక చెల్లెమ్మ: ‘అన్నయ్యా, ‘నువ్వు నాకు నచ్చావ్’ వదిలేశారేం? 2001 సినిమా, ఆ పేరు ఇంకా ఎవరో ఒకరు టీషర్టు మీద వేయించుకుంటూనే ఉన్నారు. అందులో క్రియ నీ వైపు తిరిగింది చూడండి, నచ్చావ్. నేనేం చేయలేదు, చేసిందంతా నువ్వే. పైగా అయిపోయింది కూడా. అదే ‘మీరు నాకు నచ్చారు’ అనండి, పెళ్లిచూపులైపోతుంది.’

మంచి మాట పట్టుకున్నావమ్మా. ‘నువ్వు’ ‘మీరు’ గొడవ మన ప్రేమికులకి పెద్ద తలనొప్పి. పాత సినిమాల్లో ఆమె ‘మీరు’ అంటుంది, అతను ‘నువ్వు’ అంటాడు. మొదటిసారి మాట్లాడినప్పుడే ఏదో ఒకటి తేల్చుకోవాలి.

దీనికి మా వీధిలోనే ఉండే ఒక టీచరమ్మ (రిటైరయ్యారు, పేరు వద్దన్నారు) రాసింది యథాతథంగా పెడుతున్నాను, నేను రాసినదానికంటే బాగుంది:

‘ఆ తలనొప్పి లేని ప్రేమ మాట ఒకటుంది, ‘లేచిపోదామా?’. గీతాంజలి, 1989. నేనప్పటికి ఉద్యోగంలో చేరి రెండేళ్లు. హాల్లో గిరిజ ఆ మాట అనగానే ఆడవాళ్ల వరసల్లో ముందు నిశ్శబ్దం, ఆ తర్వాత నవ్వులు. ఎందుకో చెప్తాను. మా ఊళ్లో అది మాట కాదు, మచ్చ. నూతి దగ్గర ‘ఫలానావాళ్ల గుంట లేచిపోనాదట’ అని గుసగుసలు. ఎప్పుడు విన్నా ‘లేచిపోయింది’ అనే. ఆ పిల్ల ఒక్కతే, ఎప్పుడో జరిగిపోయింది, చెప్పేది ఇంకొకళ్లు. కుర్రాడి ఊసే ఉండదు, వాడేదో గాలికి కొట్టుకుపోయినట్టు. అలాంటిది ఆ మాటను పిల్లే స్వయంగా అంది. జరిగిపోయినదాన్ని జరగబోయేది చేసింది. ఒంటరిదాన్ని ఇద్దర్ని చేసింది. ‘దామా’లో మనం ఉంది, మేము కాదు, వాడు తప్పించుకోవడానికి వీల్లేదు. నువ్వా, మీరా అనే బాధ కూడా లేదు, వెళ్దామా అంటే చిన్నాపెద్దా అందరికీ ఒకటే. ఆట పట్టించడానికే అందనుకోండి, ఆ అల్లరే కదా మాకు కావలసింది. ఇంటికొచ్చి పొయ్యి ముట్టిస్తూ మా ఆయన్ని అడిగాను, లేచిపోదామా అని. ‘ఎక్కడికి, రేపు స్కూలుంది కదా’ అన్నారు.’

ఇంకొక పెద్దాయన, ఇదంతా ఈ మధ్యదే కదా, ‘మల్లీశ్వరి’లో ‘మనసున మల్లెల మాలలూగెనే’ ముందు ఇవన్నీ ఎంత అని రాశారు. కృష్ణశాస్త్రి పాట మీద వాదన పెట్టుకునే ఓపిక నాకు లేదు. అక్కడా ప్రేమ అనే మాట లేదని మాత్రం గుర్తుచేస్తాను. ఊగింది మాలలు, అదీ మనసున. ‘నేను’ అన్న మాటే లేదు.

ఆఖరుగా, నలుగురైదుగురు అడిగింది ఒకటే. ‘అంతేనేటి?’ అన్న తర్వాత బస్సులో ఏమైంది?

నాకేం తెలుసండీ. తిమ్మాపురంలో నేను దిగిపోయాను. వాళ్లు భీమిలి టికెట్టు తీసుకున్నారు.